బోర్నియో నెమలికోడికీ మన నూనె డబ్బాకూ ఉన్న లంకె

సంపాదకుల వారికి,

నమస్కారం. కొద్ది వారాల క్రితం మీ ఆదివారం అనుబంధంలో ఒక పక్షి ఛాయాచిత్రం వేసి, దాని కింద మూడు పంక్తుల వ్యాఖ్య ఇచ్చారు. బోర్నియో ద్వీపంలో తప్ప మరెక్కడా లేని అరుదైన నెమలి ఇదనీ, వేటగాళ్ల మూలంగా అంతరించిపోతోందనీ, ఇప్పటికైనా ప్రపంచం మేలుకోవాలనీ అందులో ఉంది. ఛాయాచిత్రం చాలా బాగుంది. వ్యాఖ్యలో అది నెమలి అన్న మొదటి మాట పొరపాటు, వేట గురించిన రెండవది సగమే నిజం, మూడవది ఎవరిని ఉద్దేశించి అన్నారో నాకు బోధపడలేదు. ఇరవై తొమ్మిదేళ్లు డిగ్రీ విద్యార్థులకు జంతుశాస్త్రం చెప్పిన దాన్ని కావడం చేత, ఎర్ర సిరా కలం పట్టకుండా అలాంటి పంక్తులను దాటిపోవడం నాకు ఇప్పటికీ చేతకాదు. పైగా ఈ పక్షికి మన హైదరాబాదు వంటిళ్లతో లంకె ఉందన్న సంగతి ఆ వ్యాఖ్యలో ఎక్కడా లేదు. అందువల్ల కొంచెం నిడివిగానే రాస్తున్నాను, మన్నించగలరు.

ముందు పేరు సంగతి. నెమలి, అడవికోడి, కముజు, పూరేడు, మన పెరట్లో తిరిగే నాటుకోడి అన్నీ చేరిన ఫాసియానిడే కుటుంబంలోనిదే ఈ పక్షి కూడా. అయితే ఇది పాలిప్లెక్ట్రాన్ అనే వేరే ప్రజాతికి చెందింది. ఇంగ్లీషులో దీనిని బోర్నియన్ పీకాక్ ఫెజెంట్ అంటారు. హిమాలయాల్లోనూ ఈశాన్యంలోనూ కనిపించే మోనాల్, ట్రాగోపాన్ వంటి ఫెజెంట్లు మన దక్కను పీఠభూమిలో లేవు, కనుక వాటికి తెలుగులో ఇంటి పేరంటూ ఏర్పడలేదు. తరగతి గదిలో నేను 'నెమలికోడి' అనేదాన్ని. నెమలి కన్నులూ కోడి ఒడ్డూ పొడుగూ రెండూ ఆ మాటలో పలుకుతాయి, పిల్లలకు వెంటనే పట్టుబడేది కూడా. ఇక పాలిప్లెక్ట్రాన్ అన్న శాస్త్రీయ నామానికి 'పెక్కు ముళ్లు గలది' అని అర్థం. ఈ ప్రజాతి మగపక్షులకు కాలి వెనుక ఒకటికి బదులు తరచు రెండేసి ముళ్లు ఉండటం వల్ల ఆ పేరు వచ్చింది. సంక్రాంతి బరిలో కోడి కాలికి కత్తి కట్టే మనవాళ్లకు ఆ ముల్లు ఎందుకో విడమరచి చెప్పనక్కరలేదు.

1877లో జర్మనీకి చెందిన బ్రూగ్గెమన్ అనే శాస్త్రవేత్త దీనిని మొదటిసారి వర్ణించి, తన దేశస్థుడే అయిన ష్లయర్‌మాకర్ పేరు పెట్టాడు. మలయా ద్వీపకల్పంలోని నెమలికోడికి ఇది ఉపజాతి అని చాలాకాలం భావించి, ఆ తరువాత వేరే జాతిగా గుర్తించారు. ఒక జాతికి ఉపజాతి అన్న ముద్ర ఉన్నంత కాలం దాని లెక్క పెద్ద జాతి లెక్కలో కలిసిపోతుంది, దాని కష్టం ఎవరికీ విడిగా కనబడదు. ఈ విషయం వర్గీకరణ శాస్త్రం బోధించేటప్పుడు నేను ప్రత్యేకంగా చెప్పేదాన్ని.

మగపక్షి అర మీటరు పొడుగు ఉంటుంది. తోక తీసివేస్తే మన నాటుకోడి పెట్ట కంటె చిన్నది. గోధుమరంగు ఒంటి మీద నల్లని చుక్కలు, తల మీద జుట్టు, మెడ చుట్టూ ఊదా, ఆకుపచ్చ, నీలం రంగులు ఒకదానిలోంచి ఒకటి మారుతూ మెరిసే ఈకల పట్టెడ, గొంతూ రొమ్ము నడిమి భాగమూ తెలుపు, కంటి చుట్టూ ఈకలు లేని ఎర్రని చర్మం. రెక్కల మీదా తోక మీదా నీలి ఆకుపచ్చ కన్నులు. నెమలి తన పింఛాన్ని నడుము మీదుగా ఎత్తి పట్టుకుంటుంది, అది అసలు తోక కాదు. నెమలికోడి విప్పేది మాత్రం తోకనే, దానితో పాటు రెక్కలను కూడా పరచి, ఆడపక్షి ముందు తల వంచి నిలుస్తుంది. ఈ ప్రజాతి మగపక్షులు నాట్యానికి ముందు ముక్కుతో మేత పట్టి పెట్టకు అందించడం కూడా ఉంది. గింజ దొరికినప్పుడు పుంజు 'కొక్ కొక్' అని పెట్టలను పిలవడం చూసిన వారికి ఈ మర్యాద ఎక్కడి నుంచి వచ్చిందో తెలుస్తుంది. ఆడపక్షి ఇంకా చిన్నది, మట్టి రంగుది, రాలిన ఆకుల మీద కూర్చుంటే పక్కనే నిలబడినా కనబడనిది.

ఆ ఆడపక్షి ఒక విడతకు పెట్టేది ఒక్కటే గుడ్డు. మూడు వారాలు పొదుగుతుంది. మన నాటుకోడి డజను గుడ్ల మీద కూర్చుని, గద్దకు రెండు, పిల్లికి రెండు, ముంగిసకు ఒకటి పోగొట్టుకున్నా, ఇంకా వెనుక ఏడు పిల్లలను నడిపించుకుని వస్తుంది. ఒక్క గుడ్డు పక్షికి ఆ వెసులుబాటు లేదు. అడవి నిబ్బరంగా ఉన్న కాలంలో ఒక్క గుడ్డుతోనే ఆ జాతి వేల సంవత్సరాలు నెట్టుకొచ్చింది. ఏటా చచ్చేవి కొంచెం ఎక్కువైతే చాలు, పుట్టేవి దానిని పూడ్చలేవు. ప్రకృతి పరిరక్షణ అంతర్జాతీయ సమాఖ్య దీనిని ఎర్ర జాబితాలో అంతరించే ప్రమాదంలో ఉన్న జాతిగా చేర్చింది. మొత్తం సంఖ్య రెండున్నర వేలకు మించకపోవచ్చని ఒక అంచనా. నగరంలో ఒక మోస్తరు పెళ్లికి వచ్చే జనం అంతకంటె తక్కువేమీ ఉండరు.

ఇప్పుడు మీ రెండవ పంక్తి, అంటే వేట. వేట లేదని నేను అనను. బోర్నియో అడవుల్లో నేల మీద తిరిగే జంతువులకు ఉచ్చులు పన్నుతారు. జింక కోసం పన్నిన ఉచ్చు తన దాకా వచ్చిన కాలు జింకదా కోడిదా అని చూడదు, మన నల్లమలలోనూ చూడదు. కాని అడవి మారుమూలలన్నీ పచ్చగా ఉన్న రోజుల్లోనూ స్థానిక దయాక్ జనం వేటాడారు, పక్షి మిగిలింది. తరువాత మారిందేమిటో చూడాలి.

బోర్నియో ప్రపంచంలో మూడవ అతి పెద్ద ద్వీపం. దాదాపు 7,43,000 చదరపు కిలోమీటర్లు, అంటే ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌కు రెండున్నర రెట్లకు పైనే. ఇండోనేషియా, మలేషియా, బ్రూనై మూడూ దానిని పంచుకున్నాయి. 1973లో ఆ ద్వీపంలో నాలుగింట మూడు వంతులు సహజారణ్యం ఉండేదనీ, 2010 నాటికి అందులో 1,68,493 చదరపు కిలోమీటర్ల అడవి పోయిందనీ ఉపగ్రహ చిత్రాలు పరిశీలించిన శాస్త్రవేత్తలు లెక్క తేల్చారు. మన తెలంగాణ విస్తీర్ణం 1,12,077 చదరపు కిలోమీటర్లు. ముప్పై ఏడేళ్లలో ఒకటిన్నర తెలంగాణలంత అడవి పోయిందన్న మాట. ఆదిలాబాదు నుంచి ఆలంపురం దాకా రైలు కిటికీలోంచి చూస్తూ పోయినవారు దీన్ని ఒకసారి మనసులో ఊహించుకోవచ్చు.

మొదట పోయింది కలప కోసం. డిప్టెరోకార్ప్ అనే కుటుంబానికి చెందిన మహావృక్షాలు ఆ మైదాన అడవులకు ప్రాణం. 1970ల నుంచి వాటిని కొట్టి దుంగలుగానూ ప్లైవుడ్‌గానూ జపాన్ మొదలైన దేశాలకు పంపారు. కలప తీసిన అడవి కొంతకాలానికి తేరుకునే అవకాశం ఉన్నా, ఎండి పలచబడిన ఆ అడవుల్లో 1997-98 ఎల్‌నినో సంవత్సరాల్లో చెలరేగిన మంటలు చాలా భాగాన్ని, ముఖ్యంగా బోర్నియోలోని ఇండోనేషియా భాగమైన కాలిమంతాన్ తూర్పున, బూడిద చేశాయి. ఆ తరువాత వచ్చినవి పామాయిల్ ఇచ్చే ఆయిల్‌పామ్ తోటలు. నెమలికోడికి కావలసింది ఎత్తు తక్కువగా, నేల సారవంతంగా ఉండే మైదానపు అడవి. దురదృష్టం ఏమిటంటే ఆయిల్‌పామ్‌కు కావలసిందీ సరిగ్గా అదే. ఎత్తైన కొండల మీద ఆయిల్‌పామ్ లాభసాటిగా పండదు, అక్కడ ఈ పక్షీ అరుదే.

ఈ ఒక్క విషయం గుర్తుంచుకుంటే, కాగితాల మీద పెద్ద పెద్ద రక్షిత ప్రాంతాలు కనబడుతున్నా పక్షి ఎందుకు తగ్గుతోందో అర్థమవుతుంది. 2007లో మూడు దేశాలూ కలిసి 'హార్ట్ ఆఫ్ బోర్నియో' పేరుతో ద్వీపం నడిబొడ్డున దాదాపు 2,20,000 చదరపు కిలోమీటర్ల అడవిని కాపాడతామని ప్రకటించాయి. మెచ్చుకోదగిన పనే. అయితే ఆ ప్రాంతంలో ఎక్కువ భాగం కొండలూ ఎత్తైన నేలలూ. ఎవరికీ పెద్దగా అక్కరలేని నేలను అడవికి వదిలి, అందరికీ కావలసిన నేలను తోటకు ఇవ్వడం ఒక్క బోర్నియోలోనే జరుగుతున్న పని కాదు. మన నగరం చుట్టూ చూసినా గుట్టలు మిగులుతాయి, గుట్టల కింది కంచ భూములు పోతాయి. 2025 ఏప్రిల్‌లో కంచ గచ్చిబౌలిలో చెట్ల నరికివేతను సుప్రీంకోర్టు నిలిపివేసిన రోజుల్లో, అక్కడి నెమళ్ల సంగతి ఊరంతా మాట్లాడుకుంది. వాటి అరుపు వినేటంత దగ్గరలో ఒక విశ్వవిద్యాలయమూ ఒక మహానగరమూ ఉండటం ఆ నెమళ్ల అదృష్టం.

ఇక మీ మూడవ పంక్తిలోని 'ప్రపంచం'. ప్రపంచంలో పామాయిల్‌ను అన్నిటికంటె ఎక్కువగా దిగుమతి చేసుకునే దేశం మనదే. మనం వాడే వంటనూనెలో సగానికి పైగా బయటి నుంచి వస్తుంది, అందులో పెద్ద వాటా పామాయిల్‌ది, అది ముఖ్యంగా వచ్చేది ఇండోనేషియా, మలేషియాల నుంచి. కాకినాడ, కృష్ణపట్నం రేవుల్లో ముడి నూనె దిగుతుంది, అక్కడి రిఫైనరీల్లో శుద్ధి అయి ప్యాకెట్లుగా, పదిహేను కిలోల డబ్బాలుగా మన దాకా చేరుతుంది. ఒకప్పుడు రేషన్ దుకాణంలో ఇచ్చే పామోలిన్ ప్యాకెట్ కోసం వరుసలో నిలబడిన ఇళ్లలో మాదీ ఒకటి. దాని వాసన నచ్చక మా అత్తగారు కొంచెం ఉప్పూ కరివేపాకూ వేసి కాచి పెట్టేవారు. ఇప్పుడు వాసన కూడా లేదు. బిస్కెట్లలో, నూడుల్స్‌లో, మిఠాయి దుకాణంలో, సబ్బులో, షాంపూలో పేరు చెప్పకుండానే ఉంటుంది. 2022 ఏప్రిల్ చివరిలో ఇండోనేషియా పామాయిల్ ఎగుమతులను నిలిపివేసి, మూడు వారాలకు పైగా అలాగే ఉంచినప్పుడు మన వీధి చివర టిఫిన్ బండి మీద పూరీ ధర మారింది. ఆ ధరను అందరం గమనించాం. దానికి అటువైపున ఉన్న అడవిని గమనించలేదు.

ఈ మధ్య మా పద్మారావునగర్‌లో నేను తరచు వెళ్లే మిర్చి బజ్జీ దుకాణంలో నూనె డబ్బా అడిగి తీసుకుని చదివాను. ప్యాక్ చేసిన సంస్థ పేరు, రిఫైనరీ ఉన్న ఊరు, లైసెన్సు సంఖ్య, విటమిన్లు కలిపిన సంగతి అన్నీ ఉన్నాయి. ఆ నూనె ఏ దేశపు ఏ తోటలో కాసిందో, ఆ తోట ఎప్పుడు వేశారో తెలిపే మాట ఒక్కటీ లేదు. దుకాణం అతను నవ్వి, "నూనె యాడికెల్లి వస్తే ఏంది మేడమ్, మిర్చి మంచిగ పొంగాలె గద" అన్నాడు. అతని మాటలో తప్పు పట్టవలసిందేమీ లేదు. రోజుకు ఒక డబ్బా కాగబెట్టే మనిషి బోర్నియో పటం ముందు పెట్టుకుని కూర్చోలేడు. ఆ పని చేయవలసింది డబ్బాను దేశంలోకి రానిచ్చేవారు. ఐరోపా సమాఖ్య 2023లో ఒక చట్టం చేసింది. 2020 డిసెంబరు 31 తరువాత అడవి నరికిన భూమిలో పండిన పామాయిల్, సోయా, కాఫీ మొదలైనవాటిని తమ విపణిలోకి అనుమతించరాదని దాని ఉద్దేశం. అమలు వాయిదాలు పడుతూ వచ్చింది నిజమే. మనకు అలాంటి నిబంధన వాయిదా వేయడానికి కూడా లేదు.

ఇంతవరకు చదివినవారు నేను పామాయిల్ మానేయమంటున్నానని అనుకోవచ్చు. అనడం లేదు. అలా అనేవారితో నాకు పేచీ కూడా ఉంది. ఆయిల్‌పామ్ హెక్టారుకు మూడు నాలుగు టన్నుల నూనె ఇస్తుంది. సోయా, వేరుశనగ హెక్టారుకు అర టన్ను దాటడం కష్టం. పామాయిల్ వదిలి అదే మోతాదు నూనె మరొక గింజ నుంచి తీయాలంటే అంతకు ఎన్నో రెట్ల నేల కావాలి, ఆ నేల కూడా ఎక్కడో ఒక అడవి నుంచే రావాలి. పైగా మా తమ్ముడే దమ్మపేట మండలంలో ఆరెకరాల వరి మడిని ఆయిల్‌పామ్ తోట చేశాడు. డ్రిప్పు వేశాడు, నాలుగో ఏట గెలలు కోశాడు, ఇప్పుడు అశ్వారావుపేట ఫ్యాక్టరీ ఇచ్చే టన్ను ధర చూసుకుని ఆ నెల లెక్కలు వేసుకుంటాడు. వేసవిలో ఒక్కొక్క చెట్టు తాగే నీటి గురించి మా ఇద్దరికీ ప్రతి పండుగకూ వాదన జరుగుతుంది గాని, అతని తోట వల్ల ఏ అడవి పక్షీ గూడు పోగొట్టుకోలేదని నేను ఒప్పుకుంటాను. అక్కడ అంతకు ముందు ఉన్నది వరి. దమ్మపేట తోటకూ కాలిమంతాన్ తోటకూ ఉన్న తేడా ఇదే. ఈ తేడా చూడకుండా పామాయిల్‌ను తిట్టడమూ, ఈ తేడా చూడకుండా పామాయిల్‌ను పొగడటమూ నాకు ఒకే రకం తొందరపాటుగా తోస్తాయి.

ఆ తేడా మన దేశంలోనే చెరిగిపోయే ప్రమాదం ఉంది. నేను ఈ ఉత్తరం రాయడానికి అసలు కారణం ఇదే. 2021 ఆగస్టులో కేంద్ర మంత్రివర్గం 11,040 కోట్ల రూపాయలతో ఆమోదించిన జాతీయ వంటనూనెల మిషన్ కొత్తగా 6.5 లక్షల హెక్టార్లలో ఆయిల్‌పామ్ వేయాలని లక్ష్యం పెట్టుకుంది. అందులో 3.28 లక్షల హెక్టార్లు, అంటే సగానికి కొంచెం ఎక్కువే, ఈశాన్య రాష్ట్రాల వాటా. అండమాన్ దీవుల మీద కూడా ప్రత్యేక దృష్టి పెడతామన్నారు. మన ఏలూరు జిల్లా పెదవేగిలో ఉన్న ఆయిల్‌పామ్ పరిశోధన సంస్థ 2020లో వేసిన అంచనా ప్రకారం దేశంలో ఈ పంటకు అనువైన నేల దాదాపు 28 లక్షల హెక్టార్లు ఉండగా, అందులో 9 లక్షలకు పైగా ఈశాన్యంలోనే ఉంది. అడవిని కొట్టి తోటలు వేయబోమని కేంద్రం చెబుతోంది. ఆ మాట నమ్ముదాం. అయితే ఈశాన్యంలో సాగుభూమికీ అడవికీ మధ్య గీత మన పొలం గట్టంత స్పష్టంగా ఉండదు. అక్కడ జూమ్ అని పిలిచే పోడు సాగులో ఒక కొండవాలును ఒకటి రెండేళ్లు సాగు చేసి, కొన్నేళ్లు బీడు వదులుతారు. ఆ బీడులో వెదురూ చిన్న చెట్లూ లేచి మళ్లీ అడవిగా మారే దారిలో ఉంటుంది. రికార్డులో అది సాగుభూమి, పక్షికి మాత్రం సగం అడవి. మిజోరంలోని డంపా పులుల అభయారణ్యం పరిసరాల్లో పక్షులను లెక్కించి 2016లో ప్రచురించిన ఒక అధ్యయనం, పోడు వదిలిన బీళ్లలో ఉన్నన్ని అటవీ పక్షులు ఆయిల్‌పామ్ తోటల్లో లేవని తేల్చింది. మన అటవీ శాఖలు దశాబ్దాలుగా పోడును దోషిగా నిలబెట్టాయి. దోషి ఇంట్లో పక్షులున్నాయి, బుద్ధిమంతుడి తోటలో లేవు.

ఆ ఈశాన్య అడవుల్లో ఎవరు ఉన్నారంటారా? బోర్నియో పక్షికి సొంత అక్క. పాలిప్లెక్ట్రాన్ ప్రజాతిలోని బూడిద రంగు నెమలికోడి అరుణాచల్, అసోం, మిజోరం అడవుల్లో ఇప్పటికీ ఉంది. వన్యప్రాణి సంరక్షణ చట్టంలో నెమలితో సమానంగా మొదటి షెడ్యూలులో దానికి స్థానం ఉంది. దాని సంఖ్య ఇంకా ప్రమాదపుటంచుకు చేరలేదు. చేరిన తరువాత ఆదివారం అనుబంధంలో దాని ఛాయాచిత్రం వేసి మూడు పంక్తులు రాసే అవసరం మీకు రాకూడదనే ఈ ప్రయాస.

పక్షిని పోగొట్టుకోవడం అంటే ఏమిటో తెలుగువారికి ద్వీపాల నుంచి నేర్చుకోవలసిన అగత్యం లేదు. జెర్డాన్ అనే ఆంగ్ల ప్రకృతి శాస్త్రవేత్త కనుగొనగా 1848లో బ్లైత్ అనే మరో శాస్త్రవేత్త వర్ణించిన కలివికోడి 1900 తరువాత ఎవరికీ కనబడక, ఇక లేదనుకున్నాక, 1986లో కడప జిల్లా లంకమల పొదల్లో తిరిగి దొరికింది. దొరికించింది ఐతన్న అనే స్థానిక వేటగాడు. ఆ పక్షి పేరు తెలుగులో ఉన్నదీ అలాంటివారి నోటనే. ఆ తరువాత తెలుగుగంగ కాలువ దారిని కూడా ఆ పిడికెడు పక్షి కోసం మార్చవలసి వచ్చింది. మళ్లీ అది కనబడటం ఎంత అరుదైపోయిందో మీ పత్రికే రాసింది. కలివికోడికి కావలసింది దట్టమైన అడవి కూడా కాదు, పలచని ముళ్లపొదల నేల. చూసేవారికి అది 'ఖాళీ భూమి'లా కనబడటమే దానికి వచ్చిన కష్టం. బోర్నియో మైదానపు అడవి కలప కంపెనీలకు కనబడిన తీరూ, మిజోరం బీడు మిషన్ పటంలో కనబడుతున్న తీరూ అంతే.

కాబట్టి నా మనవి రెండు భాగాలు. మొదటిది మీ పాఠకుల తరఫున ప్రభుత్వానికి. దేశంలోకి దిగుమతి అయ్యే పామాయిల్ ఏ దేశంలో, ఏ తోటలో పండిందో, ఆ నేలలో అంతకు ముందు ఏముండేదో తెలిపే వివరం దిగుమతిదారు చేతనే ఇప్పించాలి. ఒక డబ్బా మీద లైసెన్సు సంఖ్య అచ్చు వేయగలిగినవారు ఆ ఒక్క మాటా వేయలేరని నేను అనుకోను. ఈశాన్యంలో ఆయిల్‌పామ్‌కు కేటాయించే ప్రతి ముక్కకూ ఆ జిల్లా పేరు, గ్రామం పేరు, గత ఇరవై ఏళ్ల ఉపగ్రహ చిత్రం బహిరంగంగా పెట్టాలి. తెలంగాణలో వరికి బదులు ఆయిల్‌పామ్ వేసే రైతుకు ఈ షరతుల వల్ల కలిగే నష్టం ఏమీ లేదు, పైగా అడవి కొట్టి పండించిన చవక నూనెతో పోటీ తగ్గితే అతనికి లాభమే. ఈ మాట మా తమ్ముడికి చెబితే, నీటి గురించి నాతో వాదించడం ఒక పూట మానేశాడు.

రెండవ భాగం మీకు. ఆ ఛాయాచిత్రానికి ఇచ్చినంత చోటు మళ్లీ ఇవ్వగలిగితే వ్యాఖ్యను దిద్ది వేయండి. కారణాల్లో వేటతో పాటు కలపనూ, మంటలనూ, నూనెనూ చేర్చండి. 'నెమలికోడి' అన్న మాట వాడటానికి మీ డెస్కుకు అభ్యంతరం ఉంటే ఫెజెంట్ అనే ఉంచండి, 'నెమలి' అన్న మాట మాత్రం తీసివేయండి.

భవదీయురాలు,
ఒక విశ్రాంత జంతుశాస్త్ర అధ్యాపకురాలు,
పద్మారావునగర్, హైదరాబాదు.